దొరల ఆట – 11: మేజర్ పూర్ సెలవు మీద వచ్చిన వేసవి

1899 నాటి ఇంగ్లండ్ కౌంటీ సీజన్ అనగానే మనవాళ్లకు ముందు గుర్తొచ్చేది రంజిత్‌సింహ్‌జీ. పోయిన వారం చెప్పుకున్నాం, ఒకే సీజన్‌లో మూడువేల పరుగులు దాటిన మొదటి మనిషి ఆయనే అని. ఆ ఏడు ఆయన చేసినవి 3,159. తీరా ఆ ఏటి సగటుల పట్టిక తీసి చూస్తే పైన రంజీ ఉండడు. ఆయన సగటు 63 చిల్లర. మొదటి వరసలో ఉన్నాయన సగటు 91.23. ఆడినవి 21 ఇన్నింగ్స్, చేసినవి 1,551 పరుగులు. ఇంగ్లండ్ సీజన్‌లో ఆ సగటును మరొకరు దాటింది 1930లో. దాటినవాడు డాన్ బ్రాడ్‌మన్.

ఆ మొదటి వరస పేరు మేజర్ రాబర్ట్ మాంటేగ్యూ పూర్. 7వ హుస్సార్ల గుర్రపుదళంలో అధికారి. హాంప్‌షైర్ కౌంటీకి ఆయన ఆడింది సెలవు దొరికినప్పుడే. దండు పిలిస్తే బ్యాటు మూలన పడేసి వెళ్లిపోవాలి. ఇలాంటి అధికారులు విక్టోరియా రాణి కాలంలో డజన్ల మంది ఉన్నారు. ఈ ఒక్కడినే పట్టుకోవడానికి కారణం పరుగులు కావు. ఈ మనిషి బదిలీల వెంట వెళ్తే సికింద్రాబాద్, మద్రాసు, నేటాల్, ప్రిటోరియా అన్నీ వరసగా తగులుతాయి. క్రికెట్ అనే ఆట ఎవరికి తలుపు తీసిందో, ఎవరి మొహం మీద వేసిందో ఆ ఊళ్లన్నింట్లోనూ కనిపిస్తుంది.

పూర్ పుట్టింది 1866 మార్చి 20న, డబ్లిన్‌లో. ఆరడుగుల నాలుగంగుళాల మనిషి. ఇంగ్లిష్ పెద్దింటి పిల్లలకు ఉండాల్సిన క్రికెట్ జాతకం ఆయనకు లేదు. వాళ్లు ఈటన్‌లోనో హారోలోనో బడి జట్టుకు ఆడి, ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్‌ల మీదుగా లార్డ్స్‌కు చేరతారు. పూర్ 1886లో 7వ హుస్సార్లలో చేరి, ఓడెక్కి ఇండియాకు వచ్చాడు. అసలు క్రికెట్‌ను పట్టించుకోవడం మొదలుపెట్టింది ఇక్కడికి వచ్చాకే. అదీ గురువు దగ్గర కాదు, పుస్తకాలు చదివి. బ్యాటు ఎలా పట్టాలి, ఎడమ కాలు ఎక్కడ పడాలి అని అచ్చులో చూసి నేర్చుకున్నాడు. పుస్తకం చూసి ఈత నేర్చుకున్నానంటే మనం నవ్వుతాం. ఈయన నేర్చుకుని ప్రపంచ రికార్డుల దాకా వెళ్లాడు.

7వ హుస్సార్లు ఇండియాలో మొదట దిగింది సికింద్రాబాద్‌లో. మన పెద్దలు లష్కర్ అని పిలిచిన ఊరే. 1798 ఒప్పందం ప్రకారం నిజాం ఖర్చుతో నిలిపిన కంపెనీ సైన్యం కోసం వెలిసిన దండు అది. 1806లో సికందర్ జా పేరు పెట్టారు. పూర్ చేరిన కాలానికి తిరుమలగిరి, బొల్లారం దాకా బారకాసులు, గుర్రపుశాలలు, మెస్సులు, చర్చీలు పరుచుకుని ఉన్నాయి. అదే దళంలో పూర్ కంటే ఒక ఏడాది ముందు చేరిన మరో కుర్ర అధికారి పేరు డగ్లస్ హేగ్. మొదటి ప్రపంచ యుద్ధంలో సోమ్ నది ఒడ్డున లక్షలమందిని ముందుకు తోసిన ఫీల్డ్ మార్షల్ హేగ్ ఆయనే. సికింద్రాబాద్‌లో ఆయన దళానికి ఆడ్జుటెంట్‌గా చేశాడు.

గుర్రపుదళం అధికారి దినచర్య ఎలా ఉండేదో చెబితే ఈ ఆటల పిచ్చి ఎక్కడి నుంచి వచ్చిందో తెలుస్తుంది. ఎండ ఎక్కకముందే కవాతు అయిపోతుంది. గుర్రాన్ని మాలిష్ చేసేది సైసు, నీళ్లు మోసేది భిస్తీ, బూటు తుడిచేది ఇంకొకడు, భోజనం చూసేది బట్లరు. తొమ్మిదింటికల్లా దొరకు పని ఉండదు. జీతం మెస్సు బిల్లుకే చాలదు. అందుకే ఇంటి నుంచి సొమ్ము తెప్పించుకోగలవాడే గుర్రపుదళంలో చేరేవాడు. అలా మిగిలిన పొద్దంతా పోలో, పందివేట, టెన్నిస్, రాకెట్స్, క్రికెట్. సికింద్రాబాద్ పోలో ఎంత పేరుబడ్డదంటే, 1896లో బెంగుళూరు నుంచి వచ్చి ఇక్కడ గోల్కొండ కప్పు ఎగరేసుకుపోయిన జట్టులో విన్‌స్టన్ చర్చిల్ అనే కుర్రవాడు ఉన్నాడు. ఆ గెలుపును జీవితాంతం చెప్పుకున్నాడు.

పూర్‌కు చేయి తిరగని ఆట లేదు. పోలోలో దళం జట్టుకు ఎంపికయ్యాడు, టెన్నిస్‌లో టోర్నమెంట్లు గెలిచాడు, కత్తి పట్టినా గురి చూసినా పేరు తెచ్చుకున్నాడు. వాటిలో క్రికెట్ ఒకటి మాత్రమే.

తరువాత మజిలీ మద్రాసు. 1891 నుంచి 1896 దాకా మద్రాసు గవర్నరుగా ఉన్న లార్డ్ వెన్‌లాక్‌కు పూర్ ఏడీసీగా వెళ్లాడు. ఏడీసీ పనిలో యుద్ధం తక్కువ, విందులు ఎక్కువ. గవర్నరు వెనక నిలబడటం, అతిథుల వరస చూడటం, నాట్యాలకు పిలుపులు పంపడం. క్రికెట్‌కు ఇంతకంటే వీలైన ఉద్యోగం సైన్యంలో ఇంకొకటి ఉండదు. గవర్నరు బంగళా నుంచి చేపాక్ మైదానం కనుచూపు మేర. పుస్తకంలో చదివిన పాఠాలన్నీ పూర్ అక్కడ పరుగులుగా మార్చుకున్నాడు.

ఆ చేపాక్‌లోనే ఇంకో కథ నడుస్తోంది. మైదానం మద్రాస్ క్రికెట్ క్లబ్బుది, క్లబ్బు తెల్లవాళ్లది. భారతీయ జట్టును ఆటకు పిలిచేవారు గాని పెవిలియన్ మెట్లెక్కనిచ్చేవారు కాదు. మధ్యాహ్న భోజనం వేళకు దొరలు లోపల బల్లల ముందు కూర్చుంటే, మనవాళ్లు బయట చెట్ల నీడన తినాలి. ఆ చెట్టు కింద నుంచి లేచి వచ్చినవాడే మోతవరపు బుచ్చిబాబు నాయుడు. మద్రాసు లజ్‌లో స్థిరపడ్డ తెలుగు దుబాసీల కుటుంబం ఆయనది. పూర్ కంటే రెండేళ్లు చిన్న. 1888లో మద్రాస్ యునైటెడ్ క్లబ్ పెట్టి, భారతీయులకు సొంత మైదానం, సొంత టెంటు, సొంత సామాను సమకూర్చాడు. దక్షిణాది క్రికెట్‌కు తండ్రి అని ఇప్పటికీ ఆయన్నే అంటారు, ఆయన పేరు మీద టోర్నమెంటు నడుస్తూనే ఉంది. ఇద్దరూ దాదాపు ఒకే ఈడువాళ్లు, ఒకే ఊళ్లో, ఒకే ఆట పిచ్చిలో ఉన్నవాళ్లు. ఒకరు ఏడీసీ హోదాతో తిన్నగా పెవిలియన్‌లోకి నడిచారు. రెండోవారు డబ్బు, చదువు, పలుకుబడి అన్నీ ఉండి కూడా సొంతంగా ఇంకో పెవిలియన్ కట్టుకోవాల్సి వచ్చింది.

1895లో 7వ హుస్సార్లకు దక్షిణాఫ్రికాకు బదిలీ అయింది. పూర్ నేటాల్ చేరాడు. నేటాల్ అంటే మనకు కొత్త ఊరు కాదు. 1860 నుంచి మద్రాసు రేవులో ఓడలెక్కి అక్కడి చెరకు తోటలకు గిర్‌మిట్ కూలీలుగా వెళ్లినవాళ్లలో విశాఖ, ఉత్తరార్కాటు జిల్లాల తెలుగువాళ్లు ఎందరో. పూర్ అడుగుపెట్టిన 1895లోనే, ఒప్పందం ముగిసినా ఇంటికి పోకుండా అక్కడే ఉండాలనుకునే కూలీ మీద ఏడాదికి 3 పౌన్ల తలపన్ను వేస్తూ నేటాల్ ప్రభుత్వం చట్టం చేసింది. డర్బన్‌లో గాంధీ అనే బారిస్టరు దాని మీద పిటిషన్ల మీద పిటిషన్లు రాస్తున్నాడు. రెండేళ్ల కిందట ఆయన్ను రైల్లోంచి దింపేసిన పీటర్‌మారిట్స్‌బర్గ్ ఆ నేటాల్‌కు రాజధాని.

ఆ డిసెంబరు చివర లార్డ్ హాక్ నడిపించే ఇంగ్లండ్ జట్టు కేప్‌టౌన్‌లో దిగింది. సరిగ్గా అవే రోజుల్లో కేప్ కాలనీ ప్రధాని సెసిల్ రోడ్స్ మనిషి డాక్టర్ జేమ్సన్, కొన్ని వందలమంది పోలీసులను వెంటేసుకుని డచ్చి సంతతివాళ్లైన బోయర్ల ట్రాన్స్‌వాల్ మీద దొంగదాడికి దిగాడు. 1896 జనవరి 2న దొరికిపోయాడు. దేశమంతా కుతకుతలాడుతోంది. అయినా క్రికెట్ ఆగలేదు. సామ్రాజ్యంలో ఏది ఆగినా అది ఆగదు.

నేటాల్ తరఫున హాక్ జట్టు మీద పూర్ గట్టిగా ఆడాడు. దాంతో దక్షిణాఫ్రికా జట్టులోకి తీసుకున్నారు. ఆ దేశంలో పుట్టలేదు, స్థిరపడలేదు, వచ్చి కొన్ని నెలలే అయింది. ఎవరూ అడగలేదు. అలా అడగకపోవడం ఆయనతోనే మొదలవలేదు. అదే జట్టులోని ఫ్రాంక్ హెర్న్ అంతకుముందు ఇంగ్లండ్‌కు ఆడినవాడు. అవతల ఇంగ్లండ్ జట్టులో సామీ వుడ్స్ ఉన్నాడు, ఆస్ట్రేలియాలో పుట్టి, ఆస్ట్రేలియాకు ఆడి, ఇప్పుడు ఇంగ్లండ్ టోపీ పెట్టుకున్నవాడు. ఆ మ్యాచ్‌లు ఆడినవాళ్లకు అవి టెస్టులని కూడా తెలియదు. ఆ హోదా తరువాత కట్టబెట్టిందే.

మూడు టెస్టులూ పూర్‌కు కలిసిరాలేదు. మ్యాటింగ్ పరిచిన పిచ్‌ల మీద జార్జ్ లోమన్ బంతిని ఆడగలిగినవాడు దక్షిణాఫ్రికాలో లేడు. క్షయ తగులుకుని, గాలి మార్పు కోసం ఆ దేశం చేరిన వృత్తి ఆటగాడు లోమన్. ఫిబ్రవరిలో పోర్ట్ ఎలిజబెత్‌లో మొదటి ఇన్నింగ్స్‌లో 7 వికెట్లు, రెండో దాంట్లో 7 పరుగులిచ్చి 8 వికెట్లు తీశాడు, చివర హ్యాట్రిక్‌తో సహా. దక్షిణాఫ్రికా 30కి ఆలౌటైంది. జొహానెస్‌బర్గ్‌లో 28 పరుగులకు 9 వికెట్లు. సిరీస్ మొత్తం మీద 35 వికెట్లు, సగటు 5.80. ఆ తుఫానులో పూర్ ఆరు ఇన్నింగ్స్‌లలో చేసినవి 76 పరుగులు, అత్యధికం 20. ఆయన టెస్టు బతుకు అంతటితో సరి.

ఇక అసలు సంగతికి వస్తాను. ఆ సిరీస్‌లో ఆడినవారి కంటే ఆడనివాడి పేరు నాకు ఎక్కువ గుర్తుంటుంది. కేప్‌టౌన్‌లో క్రోమ్ హెండ్రిక్స్ అని ఒక ఫాస్ట్ బౌలర్ ఉండేవాడు, అక్కడివాళ్లు కేప్ మలయ్‌లు అని పిలిచే సమాజపు జట్టుకు ఆడేవాడు. 1892లో వచ్చిన ఇంగ్లండ్ జట్టు మలయ్ జట్టుతో ఒక మ్యాచ్ ఆడింది. హెండ్రిక్స్ బంతిని ఎదుర్కొన్న ఇంగ్లిష్ ఆటగాళ్లే ఇతన్ని ఇంగ్లండ్‌కు పంపండి, మావాళ్లకు చెమటలు పడతాయి అన్నారు. 1894లో దక్షిణాఫ్రికా మొదటిసారి ఇంగ్లండ్ వెళ్లేటప్పుడు ఆయన పేరు పైకి వచ్చింది. సామాన్లు మోసేవాడి హోదాలోనైనా తీసుకెళదాం అని కూడా ఒక మాట నడిచింది. కేప్ క్రికెట్ పెద్ద విలియం మిల్టన్, ఆయన వెనకున్న రోడ్స్ ఒప్పుకోలేదు. 1896లోనూ పిలుపు రాలేదు, ఆ తరువాత ఎన్నడూ రాలేదు. లోమన్ ముందు 30కి కుప్పకూలిన జట్టుకు, ఇంగ్లిష్‌వాళ్లే మెచ్చిన ఫాస్ట్ బౌలర్ అక్కర్లేకపోయాడు. డబ్లిన్‌లో పుట్టి ఇండియా మీదుగా ఓడ దిగిన గుర్రపుదళం దొర మాత్రం నిమిషంలో దక్షిణాఫ్రికావాడైపోయాడు.

జొహానెస్‌బర్గ్ టెస్టులో ఇంకొక కుర్రవాడు మొదటిసారి ఆడాడు. పేరు చార్లీ లెవెలిన్, వయసు 19, పుట్టింది పీటర్‌మారిట్స్‌బర్గ్‌లో. ఎడమచేతి స్పిన్నరు. తండ్రి తెల్లవాడు, తల్లి సెయింట్ హెలీనా ద్వీపం మనిషి. అంటే ఆ దేశపు లెక్కల ప్రకారం అటూ ఇటూ కాని రంగు. చూడటానికి తెల్లగానే కనిపించేవాడు కాబట్టి హెండ్రిక్స్‌కు పడ్డ తలుపు ఈయనకు సగం తెరుచుకుంది. ఆ టెస్టులో వికెట్టు దక్కలేదు. కానీ నేటాల్‌లో తనతో ఆడిన ఈ కుర్రవాడి చేతిలో ఏముందో పూర్ చూశాడు. మూడేళ్ల తరువాత హాంప్‌షైర్‌కు ఆయన పేరు చెప్పి, ఇంగ్లండ్‌లో వృత్తి ఆటగాడిగా బతుకుదెరువు దొరికేలా చేశాడు. మేజర్‌గారి ఖాతాలో ఏదైనా గొప్ప పని రాయాలంటే నేనైతే ఆయన పరుగుల కంటే ముందు దీన్ని రాస్తాను.

కేప్‌టౌన్‌లో మూడో టెస్టు 1896 మార్చి 21న మొదలై 23న ముగిసింది. అదే వారంలో ఉత్తరాన మటబెలెలాండ్‌లో ఎండెబెలె ప్రజలు తిరగబడ్డారు. పశువులకు రిండర్‌పెస్ట్ తగిలి మందలు మందలే చచ్చాయి. భూములు అప్పటికే రోడ్స్ కంపెనీ లాక్కుంది. పైగా కాపలా ఉండాల్సిన పోలీసులను జేమ్సన్ తన దొంగదాడికి తీసుకుపోయి ట్రాన్స్‌వాల్‌లో పోగొట్టుకున్నాడు. అంతకంటే అదను ఏముంటుంది? తిరుగుబాటు అణచడానికి పంపిన దళాల్లో 7వ హుస్సార్లూ ఉన్నారు, వాళ్లతో పూర్. టెస్టు మైదానం నుంచి కొండ గుహల్లో దాక్కున్నవాళ్లను వేటాడే పనికి ఆ అధికారి మారడానికి కొన్ని నెలలు పట్టాయి, అంతే. ఇంగ్లండ్ పత్రికల క్రీడా పుటల్లో ఈ భాగం కనపడదు.

1898లో ఇంగ్లండ్ తిరిగొచ్చి లేడీ ఫ్లోరా డగ్లస్-హామిల్టన్‌ను పెళ్లాడాడు, హామిల్టన్ డ్యూకు చెల్లెలు. మూడేళ్లకు పూర్ చెల్లెలు నీనా ఆ డ్యూకునే చేసుకుంది. మనవైపు దాన్ని కుండమార్పిడి పెళ్లి అంటాం. ఆ నీనాయే తరువాతి రోజుల్లో జంతువుల మీద ప్రయోగాలు ఆపాలని ఉద్యమం నడిపిన హామిల్టన్ డచెస్. అదే 1898లో పూర్ హాంప్‌షైర్‌కు ఆడటం మొదలుపెట్టాడు.

మరుసటి ఏడు 1899. జూన్ మధ్య దాకా మేజర్‌గారు కౌంటీ వైపు రానే లేదు. దళం పనులు, పోటీలు. ఇస్లింగ్టన్‌లోని అగ్రికల్చరల్ హాల్లో ఏటా సైనిక విన్యాసాల పోటీలు జరిగేవి. లోపలంతా రంపపు పొట్టు, గుర్రపు చెమట వాసన. దౌడు మీద ఉన్న గుర్రం మీంచి వంగి భూమిలో పాతిన మేకును బల్లెంతో పెకలించాలి, వేలాడదీసిన నిమ్మకాయను కత్తి వేటుకు రెండు చెక్కలు చేయాలి, ఎదురుగా బయొనెట్ పట్టుకుని వచ్చేవాడితో కత్తియుద్ధం చేయాలి. అన్నింటిలో కలిపి ఉత్తమ ఆయుధధారి బహుమతి ఆ ఏడు పూర్‌ది. ఆ రోజుల్లోనే దళాల మధ్య జరిగే పోలో కప్పును 7వ హుస్సార్లు గెలిచారు, ఆ జట్టులోనూ ఆయనే. అదే ఊపులో కౌంటీ మైదానంలోకి నడిచాడు.

మొదట పోర్ట్స్‌మత్‌లో సోమర్సెట్ మీద. ఒక ఇన్నింగ్స్‌లో 104, రెండో దాంట్లో 119 నాటౌట్. వెంటనే లాంకషైర్ మీద 111. వరసగా మూడు సెంచరీలు. అలా జూన్ 12 నుంచి ఆగస్టు 12 దాకా, సరిగ్గా రెండు నెలలు, హాంప్‌షైర్ తరఫున 16 ఇన్నింగ్స్‌లలో 1,399 పరుగులు, ఏడు సెంచరీలు, సగటు 116.58.

వాటిలో పెద్దది టాంటన్‌లో, జులై 20న మొదలైన మ్యాచ్‌లో, మళ్లీ సోమర్సెట్ మీదే. సోమర్సెట్ నాయకుడు ఎవరనుకున్నారు? మూడేళ్ల కిందట ఇంగ్లండ్ తరఫున పూర్ మీద టెస్టులాడిన సామీ వుడ్స్. హాంప్‌షైర్ ఐదు వికెట్లు పోయాక పూర్‌కు తోడుగా వచ్చినవాడు కెప్టెన్ ఎడ్వర్డ్ వైన్యార్డ్. ఈయన కథ ఒక పూర్తి వారానికి సరిపోతుంది. పుట్టింది మన సహారన్‌పూర్‌లో. 1881లో ఓల్డ్ కార్థూసియన్స్ జట్టుతో ఫుట్‌బాల్ ఎఫ్.ఏ. కప్పు గెలిచాడు, బర్మా యుద్ధంలో డి.ఎస్.ఓ. పతకం, దావోస్‌లో మంచు పగిలి చెరువులో పడ్డవాణ్ని దూకి బయటికి లాగినందుకు ఇంకో పతకం. 1897లో ఆస్ట్రేలియా వెళ్లే ఇంగ్లండ్ జట్టుకు పిలుపు వస్తే వార్ ఆఫీసు సెలవివ్వలేదు.

ఈ ఇద్దరు సైనికులు కలిసి ఆరో వికెట్టుకు 411 పరుగులు చేశారు. నాలుగు గంటల ఇరవై నిమిషాల్లో. ఎత్తైన మనిషి కాబట్టి పూర్ కాలు చాపితే బంతి పిచ్ అయ్యే చోటికే చేరేది. అక్కణ్నుంచి డ్రైవ్. పుస్తకంలో నేర్చినవాడికి ఆ ఒక్క అధ్యాయం బాగా ఒంటబట్టింది. వుడ్స్ ఎవరికి బంతి ఇచ్చినా ఫలితం ఒకటే. వైన్యార్డ్ 225కి ఔటయ్యాడు, పూర్ 304 దాకా వెళ్లాడు. హాంప్‌షైర్ 7 వికెట్లకు 672 దగ్గర డిక్లేర్ చేసింది. ఆరో వికెట్టుకు అప్పటికి అది ప్రపంచ రికార్డు.

గొప్పతనం సరే, ఒక లెక్క కూడా చెప్పుకోవాలి. ఆ ఏడు ఆస్ట్రేలియా జట్టు ఇంగ్లండ్‌లోనే ఉంది. పూర్ ఇంగ్లండ్‌కు టెస్టు ఆడలేదు. ఆయన ఊచకోత అంతా కౌంటీ బౌలర్ల మీద, ఎండలు కాసిన రెండు నెలల్లో, ఒక మంచి ఊపులో సాగింది. సీజన్ పొడుగునా, తడి పిచ్‌ల మీద, వారానికి ఆరు రోజులు ఆడి మూడువేలు చేసిన రంజీని ఆ సగటుతో పోల్చడం న్యాయం కాదు. వృత్తి ఆటగాళ్లయితే కూలి కోసం ఏప్రిల్ చలిలోనే మొదలుపెట్టాలి. దొరలు మాత్రం తమకు వీలైనప్పుడు, ఒంట్లో ఊపు ఉన్నప్పుడు రావచ్చు. పెవిలియన్‌లో దుస్తులు మార్చుకునే గదులు కూడా వేరు, మైదానంలోకి వచ్చే గేట్లు కూడా వేరు. అయినా క్రికెట్ వార్షిక సంచిక విజ్డెన్ 1900లో ఏటి ఐదుగురు మేటి ఆటగాళ్లలో పూర్‌ను ఎంచింది. మిగతా నలుగురిలో జో డార్లింగ్, క్లెమ్ హిల్, మాంటీ నోబుల్ ఉన్నారు. ముగ్గురూ ఆస్ట్రేలియన్లే.

ఆ విజ్డెన్ అచ్చయ్యేటప్పటికి ఆయన ఇంగ్లండ్‌లో లేడు. 1899 అక్టోబరులో బోయర్ యుద్ధం మొదలై సైన్యం మళ్లీ దక్షిణాఫ్రికా ఓడలెక్కింది. ఆయన లేని హాంప్‌షైర్ 1900 సీజన్‌లో ఒక్క మ్యాచ్ కూడా గెలవలేదు. పట్టికలో అట్టడుగున మిగిలింది. సైనికుల సెలవుల మీద కట్టుకున్న జట్టు ఇంకెలా ఉంటుంది?

దక్షిణాఫ్రికాలో పూర్‌కు దక్కింది ప్రొవోస్ట్ మార్షల్ ఉద్యోగం. సైన్యంలో పోలీసు పెద్ద అన్నమాట. ఖైదీలు, క్రమశిక్షణ, శిక్షల అమలు ఆయన కిందికి వస్తాయి. బ్రిటిష్ సేనాపతి కిచెనర్ బోయర్ల ఇళ్లు తగలబెట్టిస్తున్న కాలం అది. ఆడవాళ్లనూ పిల్లలనూ శిబిరాల్లో కుక్కితే వేలమంది రోగాలతో చనిపోతున్నారు. అలాంటి యుద్ధంలో న్యాయం చూసే పని ఎంత మురికిదో ఊహించుకోవచ్చు. ఈ కాలమంతా పూర్ డైరీ రాశాడు.

ఆ డైరీ ఇప్పటికీ చరిత్రకారుల చేతుల్లో నలుగుతోందంటే కారణం బ్రేకర్ మొరాంట్. 1980లో వచ్చిన ఆస్ట్రేలియన్ సినిమా చూసినవాళ్లకు ఆ పేరు తెలుసు. బుష్‌వెల్ట్ కార్బినీర్స్ అనే దళంలో లెఫ్టినెంట్లు హ్యారీ మొరాంట్, పీటర్ హ్యాండ్‌కాక్ లొంగిపోయిన బోయర్ ఖైదీలను కాల్చి చంపారన్నది అభియోగం. పైనుంచి అలా ఉత్తర్వులున్నాయి అన్నది వాళ్ల వాదన. కిచెనర్ అలాంటిదేమీ లేదన్నాడు. 1902 ఫిబ్రవరి 27న తెల్లవారుజామున ప్రిటోరియాలో ఇద్దరినీ కాల్చేశారు. బ్రిటిష్ యూనిఫారం వేసుకుని దొరికిన బోయర్ల విషయంలో కిచెనర్ ఇచ్చిన ఉత్తర్వు గురించి పూర్ తన డైరీలో రాసుకున్న మాటలే, ఈ రోజుకీ మొరాంట్ పక్షం, కిచెనర్ పక్షం వాదులాడుకునే చోట సాక్ష్యంగా ముందుకొస్తాయి. నా మటుకు నాకు, ఉత్తర్వు ఉన్నా లేకపోయినా చేతులు కట్టుకుని నిలబడ్డవాణ్ని కాల్చడం హత్యే. అయితే కింది అధికారులిద్దరికీ పడిన శిక్ష, ఊళ్లు తగలబెట్టించినవాడి దరిదాపులకు కూడా వెళ్లలేదు. ఆ తేడా చూసినవాళ్లలో, శిక్షలు అమలు చేసే కుర్చీలో కూర్చున్న ఈ మేజర్ ఒకడు.

పూర్ సిఫార్సు మీద ఓడెక్కిన లెవెలిన్ సంగతి చెప్పకుండా ముగించలేను. 1899లో ఇంకా కౌంటీ అర్హత కాలం పూర్తికాకముందే ఆస్ట్రేలియన్ల మీద ఆడే అవకాశం వస్తే 8 వికెట్లు తీశాడు. 1901 నుంచి పదేళ్లు హాంప్‌షైర్‌కు వెన్నెముక ఆయనే. 1902లో ఎడ్జ్‌బాస్టన్ టెస్టుకు ఇంగ్లండ్ ఎంచిన పద్నాలుగు మందిలో ఆయన పేరు ఉంది. తుది జట్టులో చోటు రాలేదు. ఆ ఏడాది చివర దక్షిణాఫ్రికాకు వచ్చిన ఆస్ట్రేలియన్ల మీద మూడు టెస్టులలో 25 వికెట్లు తీశాడు, ఈసారి దక్షిణాఫ్రికా తరఫున. సొంత జట్టువాళ్లే రంగు పేరుతో ఆయన్ను వేధించారని చాలాకాలం తరువాత రాసినవాళ్లున్నారు. ఆయన కుటుంబం దాన్ని కాదంది. కచ్చితంగా తెల్లవాడు కాని మనిషి దక్షిణాఫ్రికా టెస్టు జట్టులో ఆడటానికి మాత్రం 1992లో ఒమర్ హెన్రీ వచ్చేదాకా ఆగాల్సి వచ్చింది.

పూర్ హాంప్‌షైర్‌కు 1906 దాకా, దొరికినప్పుడల్లా ఆడాడు. 1899 మళ్లీ రాలేదు. మళ్లీ ఇండియాకు వచ్చాడు, యూరోపియన్స్ జట్టుకు ఆడాడు, మొదటి ప్రపంచ యుద్ధమప్పుడు ఇక్కడే బ్రిగేడియర్ జనరల్ హోదాలో పనిచేశాడు. తమ్ముడు రోజర్ 1917 సెప్టెంబరులో బెల్జియంలో పాలిగన్ వుడ్ దగ్గర చనిపోయాడు. రిటైరయ్యాక దక్షిణ ఇంగ్లండ్‌లో ఉండి, 1938 జులై 14న బోర్న్‌మత్‌లో కన్నుమూశాడు. అంతకు ముందు ఏడాది జులైలో అదే బోర్న్‌మత్ మైదానంలో డిక్ మూర్ అనే కుర్రవాడు వార్విక్‌షైర్ మీద 316 కొట్టి, 38 ఏళ్లుగా నిలిచిన 304 రికార్డును తుడిచేశాడు. వైన్యార్డ్‌తో చేసిన 411 మాత్రం నూరేళ్లు దాటాక కూడా హాంప్‌షైర్ ఆరో వికెట్టు రికార్డుగా నిలిచింది.

(వచ్చే వారం: హాంప్‌షైర్‌కే ఆడిన ఇంకో సైనికాధికారి కెప్టెన్ గ్రెగ్. పుణె క్లబ్బులో ఆయనకు గంటల తరబడి నెట్స్‌లో బంతులేసిన, నెలకు 4 రూపాయల జీతగాడు పల్వంకర్ బాలూ.)